మ్వాలే గారి పదో కండువా

"ఆఫ్రికా ఖండం మన ఉద్యమంతో ఉంది!" అని దిల్‌సుఖ్‌నగర్ దీక్షా శిబిరంలో పట్టాభన్న మైకు పట్టుకుని ప్రకటించినప్పుడు, ఆ ఖండం నా పక్కనే ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని, శిబిరం ముందున్న అండాలమ్మ బండి మీది మిర్చి బజ్జీ తింటోంది.

ఆయన పేరు గాడ్‌ఫ్రీ మ్వాలే. ఆఫ్రికాలో ఒక దేశానికి మాజీ మంత్రి. మోకాలి ఆపరేషన్‌కు ఎల్బీనగర్ వచ్చారు. కోచింగ్ సెంటర్లో ఇంగ్లీషు చెప్పుకునే నన్ను పట్టాభన్న దుబాసీగా పెట్టుకున్నాడు. అది 2011 జూలై, తెలంగాణ కోసం రాజీనామాల సీజన్. పట్టాభన్న కూడా నాలుగు పార్టీలకు రాజీనామా చేసిన త్యాగధనుడే. కానీ మ్వాలే గారి ముందు ఆయన ఎల్‌కేజీ.

మ్వాలే గారిది ఇరవై రెండేళ్లలో ఏడు పార్టీల చరిత్ర. మొదటి పార్టీలో అడవుల మంత్రి. అడవులు అయిపోయాక రెండో పార్టీలో కలప మంత్రి. తర్వాత, సముద్రం లేని ఆ దేశానికి ఓడరేవుల మంత్రి. ఒకసారి పొద్దున ప్రతిపక్షంలో ఉండి ప్రశ్న అడిగి, మధ్యాహ్నం మంత్రిగా తానే జవాబిచ్చారట. జవాబు సంతృప్తికరంగా లేదని వాకౌట్ కూడా చేశారట. వింటుంటే నాకు ఒళ్లు పులకరించింది.

"గిదంత ఎట్ల సాధ్యమైందో జర అడుగు సార్" అన్నాడు పట్టాభన్న.

అడిగాను.

"నేను ఉన్నచోటే ఉన్నాను. పార్టీలే వచ్చి పోతుంటాయి" అన్నారు మ్వాలే.

పట్టాభన్న కళ్లు తుడుచుకుని, తన పార్టీ కండువా ఆయన మెడలో వేశాడు. సన్మానమనుకుని ఆయన దండం పెట్టారు. మన దగ్గర మెడలో కండువా పడితే పార్టీలో చేరినట్టేనని చెప్పడం నేను మరిచిపోయాను. మర్నాడు పేపర్లో "ఆఫ్రికా మాజీ మంత్రి చేరిక" అని వచ్చింది.

ఆ సాయంత్రమే ఎల్బీనగర్ సమైక్య నాయకుడు గంగాధరరావు గారు నా ఇంటికొచ్చారు.

"మాస్టారూ, పెద్దాయన్ని ఓసారి మా స్టేజీ ఎక్కించండి. ఏం మాట్లాడక్కర్లేదండీ, కూర్చుంటే చాలు."

కూర్చున్నారు. కండువా పడింది. "ఉద్యమానికి ఆఫ్రికా షాక్" అని పేపర్లు రాశాయి.

పట్టాభన్న ఆగమేఘాల మీద మేమున్న ఆస్పత్రికి వచ్చాడు. "ఒక్క దినంల పార్టీ మారుస్తడా? మనిషికి విలువలుండాలె గదా సార్!" అని నా మీద మండిపడ్డాడు. కాసేపటికి చల్లబడి, "మళ్ల రమ్మను. సొంతగూటికొచ్చిండని రాపిస్త" అన్నాడు.

అలా అక్కడి ఏడు పార్టీలతో కలిపి లెక్కేస్తే పదో కండువా శిబిరంలో పడుతుండగా, అండాలమ్మ నూనె చేతులు కొంగుకు తుడుచుకుని స్టేజీ ఎక్కింది. ఆమె కొడుకు శేఖర్ మీద రైల్ రోకో కేసుంది. పట్టాల మీద కూర్చోబెట్టింది పట్టాభన్న. కెమెరాలు వెళ్లగానే ఆయన లేచి వెళ్లాడు, శేఖర్ కూర్చునే ఉన్నాడు.

"కేసు కొట్టేపిస్తనని ఏడాది సంది చెప్తున్నవ్ పట్టాభన్నా. గీ సారుకన్న ఇస్త" అని ఆమె మ్వాలే గారికి అర్జీ ఇచ్చింది.

ఆయన చదవలేదు. నాలుగు మడతలు పెట్టి పై జేబులో వేసుకుని, ఆమె తల మీద చెయ్యి పెట్టి, కెమెరా వైపు తిరిగి చిరునవ్వు నవ్వారు.

పట్టాభన్న నోరు తెరిచాడు. "అచ్చం నా లెక్కనే!"

అండాలమ్మ చెయ్యి చాచి, మ్వాలే గారి జేబులోంచి కాగితం తీసేసుకుంది.

"తీసిన జిరాక్సులన్ని నాయకులే పట్కపోయిన్రు సారూ. గిదొక్కటే మిగిలింది. సోమవారం కోర్టున్నది."

ఆమె దిగిపోయి మళ్లీ బజ్జీలు వేసుకుంది. ఆమె ముఖం చూడలేక నేను నా చెప్పులు చూసుకున్నాను.

మర్నాడు ఆమె తల మీద మ్వాలే గారు చెయ్యి పెట్టిన ఫొటో మూడు కాలమ్‌లలో వచ్చింది. "తల్లి వేదనకు తెర. అక్కడికక్కడే కేసు పరిష్కారం" అని రాశారు.

సోమవారం అండాలమ్మ ఆ పేపర్ కూడా కోర్టుకు పట్టుకుపోయింది.