1941 నుంచి వచ్చిన సాక్షి

కొత్త బస్టాండు ఏడో ప్లాట్‌ఫాం నుంచి 1941కి రోజూ ఉదయం ఆరుంబావుకి బస్సు ఉంది. డాక్యుమెంటరీలు తీసేవాళ్లకు అందులో ముందు సీటు రిజర్వు చేస్తారు. వకుళ ఇరవై ఆరేళ్లుగా ఆ సీట్లోనే తిరుగుతోంది. పాతకాలపు అన్యాయాల మీద పదకొండు సినిమాలు తానే రాసి, తానే నిర్మించింది. చరిత్ర శాఖ ప్రతిదానికీ ఒక శాలువా కప్పింది.

ఈసారి వెట్టి మీద తీస్తోంది. దొర గడీలో కూలి లేకుండా ఊడిగం చేసే లచ్చవ్వ కెమెరా ముందు గంటసేపు చెప్పింది. చివర్న తనే ఒక ప్రశ్న వేసింది.

"మీ కాలంల వెట్టి లేదా బిడ్డా?"

"లేదవ్వా. ఎప్పుడో తీసేశారు."

"గట్లనా! అయితే ఒక్కపారి చూసొస్త."

కండక్టర్ అభ్యంతరం చెప్పలేదు. భవిష్యత్తు వైపు వెళ్లేటప్పుడు కిటికీలోంచి చెయ్యి బయట పెట్టొద్దని మాత్రం హెచ్చరించాడు. 1956 దగ్గర టీకి ఆపారు. లచ్చవ్వ మిర్చిబజ్జీలు తిని, డెబ్భైల్లో కునుకు తీసి, తొంభైల గతుకులకు ఎగిరిపడి లేచి పడీపడీ నవ్వింది. ఆమెకు తన కాలాన్ని చూపించబోతున్నానన్న సంబరంలో వకుళ కూడా చిన్నపిల్లలా నవ్వింది.

సినిమా సిద్ధమయ్యేదాకా లచ్చవ్వ వకుళ ఇంట్లోనే ఉండి, ఫ్యాను కింద కూర్చుని ఎడిటింగులో సలహాలు ఇచ్చింది. ప్రదర్శన రోజు హాలంతా వెక్కివెక్కి ఏడ్చింది. చరిత్ర శాఖ డైరెక్టర్ రామానుజం గారు రెండు రుమాళ్లు తడిపారు. అందరూ లేచాక, ఒకామె వచ్చి కుర్చీల కింద ఊడవసాగింది. లచ్చవ్వ ఆమె పక్కన చతికిలబడింది.

"నీ పేరేంది చెల్లె?"

"ఐలవ్వ."

"ఎప్పుడొస్తవ్ పనికి?"

"తెల్లారక ముందే. పొమ్మన్నప్పుడే పోవుడు. మూడు నెలల సంది జీతం రాలే. ఒక్కనాడు రాకుంటే పేరు కొట్టేస్తరు."

లచ్చవ్వ డైరెక్టర్ వైపు తిరిగింది. "ఇది వెట్టే గద దొరా?"

"ఛ ఛ, అవుట్‌సోర్సింగ్."

"ఓహో, పేరు మార్చిండ్రా!" లచ్చవ్వకు మళ్లీ నవ్వు ముంచుకొచ్చింది.

వకుళ నవ్వలేదు. ఇన్నేళ్లలో కెమెరాను ఒక్కసారైనా ఈ సంవత్సరం వైపు తిప్పలేదని ఆమెకు అప్పుడే తట్టింది. గబగబా తిప్పింది. డైరెక్టర్ గారు మర్యాదగా లెన్సుకు అరచెయ్యి అడ్డం పెట్టారు.

"ఇది ఇంకా చరిత్ర కాలేదండీ. ఎనభై ఏళ్లు నిండాలి. పదిహేడో ఫారం నింపండి, సీనియారిటీ ప్రకారం పిలుస్తాం."

వకుళ వాదించింది. బల్ల గుద్దింది. శాలువాలన్నీ తిరిగిచ్చేస్తానంది. దానికి పందొమ్మిదో ఫారం ఉందన్నారాయన. చివరికి పదిహేడే నింపింది. సాక్షి గడిలో ఐలవ్వ సంతకం చేశాక గుమస్తా ముద్ర కొట్టాడు.

"అప్పటికి నేనేడుంట సారూ?" అంది ఐలవ్వ.

"మీరు సినిమాలో ఉంటారమ్మా," అన్నారు డైరెక్టర్ గారు ఎంతో ఆప్యాయంగా. "జనం మిమ్మల్ని చూసి కన్నీళ్లు పెట్టుకుంటారు."

ఐలవ్వ మొహం వెలిగిపోయింది. రేపు పనికి ఎన్నింటికి రావాలో అడిగి, రెండో వరస కుర్చీల కిందికి వంగింది. ఎవరూ చెప్పకుండానే లచ్చవ్వ మూడో వరస అందుకుంది.