కీ ఇవ్వని గడియారం

పదకొండు గంటలకు భార్యకు ఆపరేషను. పదిన్నరకల్లా ఆసుపత్రిలో ఉండాలని కీ బాబాయి ముందురోజే లెక్క వేసుకున్నాడు. కాలాధ్యయన అకాడమీలో గడియారాలకు కీ ఇచ్చే ఉద్యోగం కాబట్టి అతనికా పేరు. అక్కడి గ్రంథాలయం పొడుగు హాల్లో నడుస్తున్న గోడగడియారాలు నలభై మూడు. ఒక్కో పండితుడి పేరున ఒక్కోటి. వారానికోసారి ఒకే ఉదయం అన్నిటికీ కీ ఇవ్వాలి. ఇన్ని గడియారాల మధ్య ముప్పై ఏళ్ళు బతికినా ఆ మహానుభావుడు ఇంటికి ఏనాడూ వేళకు చేరిన పాపాన పోలేదు.

"మత్తు సూది వేసేలోపు మీ మొహం కనబడాలి. లేకపోతే నేను చెయ్యి చాపను" అని భార్య ఆసుపత్రి మంచం మీంచి తేల్చి చెప్పింది. కడుపులో గడ్డ. ఆరు నెలలుగా ఆమె దాన్ని అజీర్ణం అనుకుంది, అతను ఆమె సణుగుడు అనుకున్నాడు. ఆ సంగతి గుర్తొచ్చినప్పుడల్లా అతనికి ముద్ద దిగడం లేదు.

ఆపరేషను చేసే సర్జను పెద్దయ్యగారి కొడుకు. పెద్దయ్యగారు అకాడమీలో అందరికన్నా పాతకాపు, ఎనభై నాలుగేళ్ళాయన. తల్లి చివరి రోజుల్లో కూడా ఆయన పుస్తకంలోంచి తల ఎత్తలేదని కొడుక్కి కోపం. తొమ్మిదేళ్ళుగా ఇద్దరికీ మాటల్లేవు. అయినా బాబాయి కోసం పెద్దాయన పంతం చంపుకొని కొడుక్కి ఉత్తరం రాశారు.

ఆ అకాడమీలో ఒక ఆచారం ఉంది. పండితుడెవరైనా కన్నుమూస్తే ఆయన గడియారాన్ని ఆ నిమిషం దగ్గర ఆపి, నల్లగుడ్డ కప్పుతారు. ఇక అది ఎప్పటికీ నడవదు. కాలమనేది ఉందా లేదా అని నలభై ఏళ్ళుగా జుట్లు పట్టుకుంటున్న ఆ పండితులు ఈ ఒక్క విషయంలోనూ, ఒంటిగంట భోజనం విషయంలోనూ ఏకాభిప్రాయానికి వచ్చారు.

తొమ్మిదిన్నరకు బాబాయి నలభై రెండు గడియారాలు పూర్తిచేశాడు. మిగిలింది పెద్దయ్యగారిది. అది ఎత్తైన బీరువా పైన గోడకు ఉంది, నిచ్చెన కావాలి. నిచ్చెన గది తాళంచెవి గ్రంథాలయాధికారిణి దగ్గరుంది, ఆవిడ ఇంకా రాలేదు. 'సాయంత్రం చూద్దాం, ఒక్కపూటకి కొంపేం మునగదు' అనుకొని సెలవు అడగడానికి బయల్దేరాడు. ఆ గడియారం ముసలిది, వారం తిరిగేసరికి దాని పని సరి. తొమ్మిదీ నలభైకి ఆగిపోయింది.

అయిదు నిమిషాలకు వచ్చిన గ్రంథాలయాధికారిణి తలెత్తి చూసి బిక్కచచ్చిపోయింది. ఆ హాల్లో గడియారం ఆగడానికి ఒకే కారణం. ఆపేవాడూ ఒకడే. ఆ ఒక్కడూ రిజిస్ట్రారుగారి గుమ్మం ముందు తువ్వాలుతో కళ్ళు ఒత్తుకుంటూ కనిపించాడు. ఆవిడ ఇంకేమీ అడక్కుండా పక్క ద్వారం గుండా లోపలికెళ్ళి చెప్పవలసింది చెప్పేసింది.

"ఆసుపత్రికి వెళ్ళాలండీ. ఒక్కపూట సెలవు..." అన్నాడు బాబాయి లోపలికి వచ్చి.

"తెలిసిందయ్యా. ఇప్పుడే చెప్పారు. ధైర్యంగా ఉండు" అన్నాడు రిజిస్ట్రారు.

"ఉంటానండీ."

"ఎప్పటికైనా అందరం పోవలసినవాళ్ళమే. బాధ లేకుండా పోతే అదే పదివేలు."

కత్తి పెట్టకముందే ఈయన ఆవిణ్ని సాగనంపేస్తున్నాడేమిటి అనుకున్నాడు బాబాయి. "అంత మాటనకండీ. భయం లేదని డాక్టరుగారు చెప్పారు."

"డాక్టర్లు అలాగే చెబుతారు. సరే, వెళ్దువుగాని. ముందు హాల్లో వంద కుర్చీలు వేసి వెళ్ళు."

ఎందుకని అడిగే అలవాటు బాబాయికి లేదు. కుర్చీలు మోశాడు, వరసలు సరిచేశాడు. వందో కుర్చీ దగ్గర నడుం ఎత్తి చూస్తే, గ్రంథాలయాధికారిణి నిచ్చెనెక్కి పెద్దయ్యగారి గడియారానికి నల్లగుడ్డ కడుతోంది.

"అదేంటమ్మా?"

"అదేంటి బాబాయ్, ఆపింది నువ్వే కదా?"

"నేనెందుకు ఆపుతాను? కీ ఇవ్వలేదు, అంతే."

ఆవిడ నిచ్చెన దిగి, ఉన్న కుర్చీల్లో ఒకదాన్లో కూలబడింది. ఇద్దరూ రిజిస్ట్రారు దగ్గరికి పరుగెత్తారు. అప్పటికే ఆయన మరణాల పుస్తకంలో చక్కటి దస్తూరీతో పేరు, తేదీ, వేళ ఎక్కించేశాడు. "ఇంటికి ఫోన్ చేశాను. ఎత్తలేదు. పోయిన మనిషి ఎలా ఎత్తుతాడు? కొడుక్కి చెప్పేశాను. సరిగ్గా ఆపరేషను గది గుమ్మంలో దొరికారు. ఉన్నపళంగా బయల్దేరారు" అన్నాడు తృప్తిగా.

గోరుచుట్టు మీద రోకటిపోటంటే అదే. బాబాయి తన భార్యను కాపాడవలసిన మనిషిని ఆమె పక్కనుంచి తనే లేపి తెచ్చుకున్నాడు. ఉద్యోగం పోతే పోనీ, ముందు డాక్టరును వెనక్కి పంపాలనుకున్నాడు.

పదకొండుకు డాక్టరు వచ్చాడు, ఆపరేషను గది ఆకుపచ్చ బట్టలతోనే. ఖాళీ కుర్చీల మధ్య నిలబడి నల్లగుడ్డ వంక చూశాడు. "రెండు వీధుల అవతలే నాన్న ఇల్లు. తొమ్మిదేళ్ళు వెళ్ళలేకపోయాను" అని చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

బాబాయి ఆయన కాళ్ళ మీద పడ్డంత పని చేశాడు. "బాబూ, నాన్నగారు పోలేదు. గడియారానికి నేను కీ ఇవ్వలేదు. తప్పు నాదే."

"మరి ఎక్కడున్నారు?"

ఎవరికీ తెలీదు. రిజిస్ట్రారు గొంతు సవరించుకున్నాడు. "పుస్తకంలో ఎక్కిపోయింది మరి."

డాక్టరు ఆయన్ను పట్టించుకోలేదు. "నేను ఎవరి ఆపరేషను వదిలేసి వచ్చానో తెలుసా?" అన్నాడు బాబాయితో.

"నా భార్యదే బాబూ."

డాక్టరు తిట్టడానికి నోరు తెరిచి, ఆ మొహం చూసి మూసుకున్నాడు. "పద, కారెక్కు."

ఆపరేషను గది బయట బల్ల మీద పెద్దయ్యగారు కూర్చొని ఉన్నారు. ఒళ్ళో ఒక సంచి, అందులో బాబాయి భార్య చెప్పులు, కళ్ళద్దాలు.

"నువ్వు వేళకి రావని తెలిసే వచ్చాను. ఆవిడకి తోడు ఎవరో ఒకరు ఉండాలి కదయ్యా" అన్నారు బాబాయితో. తర్వాత కొడుకు వైపు తిరిగారు. "నేను వచ్చేసరికే లేవు. రోగిని పడుకోబెట్టి ఎక్కడికి పోయావు?"

"మీరు పోయారన్నారు."

"ఎవరు?"

"అకాడమీ వాళ్ళు."

"వాళ్ళ మాటకేం? వాళ్ళు కాలమే లేదంటారు." పెద్దాయన కాసేపు కొడుకు మొహంలోకే చూశారు. "చెయ్యి వణుకుతోందా?"

"లేదు నాన్నా."

"అయితే వెళ్ళు. వచ్చాక తీరిగ్గా పోట్లాడుకుందాం."

లోపల భార్య రెండు చేతులూ దుప్పటి కింద దాచుకొని నర్సులతో వాదులాడుతోంది. మొగుణ్ని చూసి గోడ గడియారం వంక చూసింది. "పదకొండూ నలభై. మీ లెక్కన ఇది వేళకి రావడమే" అని చెయ్యి చాపింది. ఆ చేతిని అతను వదల్లేకపోయాడు, నర్సే విడిపించింది.

రెండు గంటలకు పైగా బల్ల మీద పెద్దయ్యగారి పక్కనే కూర్చున్నాడు. మొదట్లో ఆయన ఏదో చెప్పారు, తర్వాత గోడకు తల ఆనించి కునుకు తీశారు. రెండూ పదికి డాక్టరు బయటికొచ్చాడు.

"గడ్డ మొత్తం తీసేశాను. చెడ్డది కాదనే అనిపిస్తోంది. ఇక భయం లేదు."

బాబాయి ఆ మాట చెబుదామని పెద్దయ్యగారి భుజం తట్టాడు. ఆయన పలకలేదు. ఒళ్ళో సంచి ఒళ్ళోనే ఉంది. డాక్టరు వంగి మణికట్టు పట్టుకున్నాడు, చాలాసేపు పట్టుకునే ఉన్నాడు. పక్కనే కూర్చొని కూడా ఏ నిమిషాన పోయారో బాబాయికి తెలియలేదు. అతనికి దుఃఖం ఆగలేదు.

మర్నాడు ఉదయం నిచ్చెనెక్కి నల్లగుడ్డ విప్పాడు. ఎగ్గొట్టిన కీ పూర్తిగా ఇచ్చాడు. కాసేపు ఆ చప్పుడు విన్నాడు. ముళ్ళను రెండు గంటల పది నిమిషాల దగ్గర పెట్టి, లోలకాన్ని చేత్తో ఆపి, గుడ్డ మళ్ళీ కట్టాడు. కింద రిజిస్ట్రారు పుస్తకం తెరిచి, పేరూ తేదీ సరిగ్గానే ఉన్నాయని చూసుకొని, వేళ ఒక్కటే కొట్టేసి రాసుకున్నాడు.

కుర్చీలు మాత్రం మళ్ళీ వెయ్యనక్కర్లేకపోయింది.