వ్రతం మధ్యలో అప్‌డేట్

కెనడాలో తెలుగువారి గృహప్రవేశాలన్నీ ఒక వీడియో ప్లేయర్ పాత వెర్షన్ మీద నిలబడి ఉన్నాయన్న సంగతిని ఏ ప్రభుత్వమూ ఇంతవరకు గుర్తించలేదు. గుర్తించి ఉంటే దానికొక మంత్రిత్వ శాఖ ఉండేది.

నార్త్ యార్క్‌లో కొత్తగా కాండో ఫ్లాట్ కొనుక్కున్న ఝాన్సీలక్ష్మికి ఆ వెర్షన్ లేనిదే సత్యనారాయణ వ్రతం లేదు. ఆమె పెళ్లి చేయించిన శాస్త్రిగారు, కాలం చేసే ముందు వ్రతమంతా చెప్పి వీడియో తీయించి ఇచ్చారు. దాన్ని ఉన్నదున్నట్టు వినిపించేది ఆ వెర్షన్ ఒక్కటే. (కొత్తవి తమ తెలివి కలుపుతాయి.) అద్దె ఇళ్లు మారి మారి విసిగిన ఆమెకు, సొంత ఇంట్లో ఆ గొంతు వినపడితే తప్ప అది ఇల్లు అనిపించదు.

అయితే ఆ ప్లేయర్ ఉన్నట్టుండి "అప్‌డేట్ చేయమంటారా?" అని అడుగుతుంది. అందుకని ఆమె వాయిదా అధికారి పదవిని సృష్టించి, భర్త అనంత్‌ను నియమించింది. విధి: "తర్వాత" నొక్కడం. అర్హత: దేనికీ తొందరపడకపోవడం. (అది అతనికి పుట్టుకతో వచ్చింది.) నెట్ తీసేయొచ్చు కదా అంటే, కాల్గరీలోని ఆడపడుచు అదే లాప్‌టాప్‌లో వీడియో కాల్‌లో ఉంది. ఆవిడను తీసేయడానికి నిబంధనలు ఒప్పుకోవు.

వ్రతం మొదలైంది. హాలు నిండింది. శాస్త్రిగారు సంకల్పం చెప్పిస్తూ, "అమ్మా, మీ ఆయన కుడిచేతిని తాకమ్మా" అన్నారు. సరిగ్గా అప్పుడే తెర మీద ప్రశ్న వచ్చింది. వాయిదా అధికారి విధి నిర్వహణకు కుడిచెయ్యి చాచాడు. భార్య శాస్త్రోక్తంగా ఆ చేతిని తాకింది. వేలు జారి "ఇప్పుడే" మీద పడింది.

"ఏం నొక్కావ్ అనంత్?"

"నేను నొక్కలేదు. నువ్వే నొక్కించావ్."

"ఆయన తాకమన్నారు, తాకాను."

(విచారణ జరిపితే దోషం శాస్త్రిగారి మీదకే వెళ్లేది.)

అప్‌డేట్ సాగుతున్నంతసేపూ అతిథులు భక్తిగా పులిహోర వైపు చూశారు. చివరికి కొత్త వెర్షన్ కళ్లు తెరిచింది. కథలో చెప్పిందే చెబుతున్నారని కనిపెట్టి, ఆ ముక్కలు తీసేసింది. పనిలో పనిగా మిగతా కథ కూడా తీసేసి, శాస్త్రిగారిని నేరుగా మంగళహారతిలో దించింది. ఆయన ఎలుక గొంతుతో, రైలు తప్పిపోతున్నట్టు హారతి పాడేశారు.

"అమ్మా, ఇట్ సేవ్డ్ అస్ యాన్ అవర్" అంది కూతురు అనన్య.

ఝాన్సీలక్ష్మికి ఏడుపొచ్చింది. "పాతది మళ్లీ పెట్టు అనంత్. ఆయన గొంతు కావాలి నాకు."

"పాతది తీసేసిందిట. వెనక్కి వెళ్లడం కుదరదంటోంది."

అప్పుడు వెంకటేశ్వర రావుగారు లేచారు. ఆయన ఊళ్లో వ్రతాల పర్యవేక్షణ సంఘానికి అధ్యక్షులు. (సభ్యులూ ఆయనే.) "హారతి అయిందంటే వ్రతం అయినట్టేనమ్మా. రూల్ అది."

"కథ వినలేదు కదా అంకుల్."

"అందరికీ తెలిసిన కథే కదమ్మా."

"అయితే మీరు చెప్పండి" అంది ఆమె కళ్లు తుడుచుకుంటూ. ఆయన పక్కవారి వైపు చూశారు. పక్కవారు ఆ పక్కవారి వైపు చూశారు. ప్రసాదం తినకుండా వెళ్తే కష్టాలు తప్పవన్న ముక్క మాత్రం ఒక్కరూ మరిచిపోలేదు. ప్రసాదం వరస లిఫ్టు దాకా సాగింది.