మంగ్లీ అంటే అర్థమేంది?

ఆ ఉదయం లక్ష్మీకాంత్ పెట్టుకున్న పని చాలా చిన్నది. తండాకు పోయి ఒక పేరుకు అర్థం కనుక్కోవాలి, ఎండ ముదరకముందే కేసముద్రం మార్కెట్‌ యార్డుకు చేరుకోవాలి. అరవైతొమ్మిది తెలంగాణ ఉద్యమంలో లాఠీదెబ్బ తిన్నప్పటినుంచీ ఆయనకు ప్రతి మాటా ఎక్కడిదని ఆరా తీయడం జబ్బులా పట్టుకుంది. తెల్లారితే మనవరాలికి తొట్టెల, అంటే ఉయ్యాలలో వేసి పేరు పెట్టే పండుగ. పేరు మాత్రం తేలలేదు. పెద్దకొడుకు కొండల్ ఏ పేరు చెప్పినా "ఎక్కడిది? అర్థమేంది? మనదేనా?" అని లక్ష్మీకాంతే కొట్టిపారేశాడు.

కోడలు అరుంధతి ఒక్క పేరే పట్టుకు కూర్చుంది. నొప్పులతో దవాఖానకు పోతుంటే దారిలో బండి ఇరుసు విరిగింది. అప్పుడు పత్తిచేనులోంచి ఉరికొచ్చి పురుడు పోసింది తండా ముసలమ్మ మంగ్లీ.

"నా బిడ్డ మంగ్లీనే, మామా! ఇంకో పేరు పెడితే నేను పిలువ."

"అర్థం తెలువకుంట ఎట్ల పెడ్తం?"

"తెలుసుకొని రారాదుండ్రి! ఎవలొద్దన్నరు?"

ముసలమ్మ కొడుకు చాంద్యా తండాకు పెద్ద. వచ్చిన లక్ష్మీకాంత్‌ను మంచం వాల్చి కూర్చోబెట్టాడు. మనవరాలి కోసమని చెప్పడం లక్ష్మీకాంత్‌కు నామోషీ అనిపించింది. తండా పేరు కోసం తండాకు వచ్చాడంటే నలుగురూ ఏమనుకుంటారు? అసలు సంగతి మింగేశాడు.

"జర చెప్పు చాంద్యా, మీ మంగ్లీ ఏ వారం పుట్టింది? ఆ పేరెవలు పెట్టిండ్రు?"

చాంద్యా మొహం వెలిగిపోయింది. పెళ్ళీడుకొచ్చిన అతని కూతురిదీ నాయనమ్మ పేరే; పటేలు అడుగుతున్నది ఆ పిల్లనేననుకున్నాడు. "మంగళారం పుట్టింది పటేలా! మా అవ్వ పేరే పెట్టినం" అంటూ లోపలికి కేకేశాడు. అతని భార్య కాళి పళ్ళెంలో బెల్లం తెచ్చింది. నోరెండిపోయి ఉన్న లక్ష్మీకాంత్ రెండు ముక్కలు నోట్లో వేసుకున్నాడు. పిల్లనడగ వచ్చిన పెద్దమనిషి బెల్లం తింటే ఆ తండాలో సంబంధం ఖాయమైనట్టే. ఆ సంగతి ఈ మహానుభావుడికి తెలియదు.

"గంతేనా అర్థం?" అని చప్పరిస్తూ యార్డుకు వెళ్ళిపోయాడు.

మర్నాడు తొట్టెల కట్టి, చుట్టాలు బంతికి కూర్చునే వేళకు వాకిట్లో డప్పు మోగింది. చాంద్యా, కాళి, వాళ్ళ వెనక సగం తండా.

"ఏడి పటేలా, అల్లుడు?"

"అల్లుడేంది?"

"నిన్న బెల్లం తింటివి గద!"

పప్పు వడ్డిస్తున్న చిన్నకొడుకు మధుకర్ గరిటెతో అలాగే నిలబడిపోయాడు. పెళ్ళికావలసినవాడు అతనే. కానీ బంతి చివరిదాకా పోయేసరికి ఆ మాట కొండల్‌కు రెండో పెళ్ళి అయిపోయింది. అరుంధతి తండ్రి కాటమయ్య విస్తరి ముందునుంచి లేచాడు.

"నా బిడ్డ పచ్చి బాలెంత! అప్పుడే సవతిని తెస్తరా?"

"అయ్యో, నేను పిల్లనడగలే!" లక్ష్మీకాంత్ నెత్తి కొట్టుకున్నాడు. "పేరుకు అర్థమడిగిన. ఆ పేరు మా ఇంటికి తగుతదో లేదో చూద్దామని!"

డప్పు ఆగిపోయింది. కాళి ముందుకొచ్చింది.

"తగుతదో లేదోనా? మా అత్త నీ మనుమరాలిని చేతులల్ల పట్టుకున్ననాడు ఏమర్థమడిగినవు? మా పేరు మీకియ్యం, పో!"

"గంతే!" అన్నాడు చాంద్యా. "మీ ఇంట్ల మంగ్లీ అన్న మాటే వినబడొద్దు!"

లక్ష్మీకాంత్‌కు ఒళ్ళు మండిపోయింది. వద్దంటే ఊరుకునే మనిషా ఆయన?

"వద్దనెటందుకు మీరెవలు? పేరు మీ జాగీరా? నా మనుమరాలు, నా ఇష్టం!" తొట్టెల్లోంచి పిల్లను ఎత్తుకున్నాడు. "మంగ్లీ! మంగ్లీ! మంగ్లీ! ఏం జేస్కుంటరో జేస్కోండ్రి!"

"తొట్టెల కాడ పెద్దమనిషి మూడుమాట్ల పిలిచిండు" అంది అరుంధతి నెమ్మదిగా. "ఇగ పేరు మారది. అందరు విన్నరు గద?"

అందరూ విన్నామన్నారు. కాళి నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వు ఆపుకుంటోంది. కాటమయ్య మళ్ళీ విస్తరి ముందు కూర్చున్నాడు.

ఆ పేరు కోసం తానెంత కొట్లాడాడో లక్ష్మీకాంత్ ఇప్పటికీ యార్డులో అందరికీ చెబుతుంటాడు. అరుంధతి కాదనదు.