తర్కం తొడుక్కున్న కోటు

ఆ ఉదయం ప్రొఫెసర్ జుమ్‌వింకెల్ వేసుకున్న పథకంలో మూడే మెట్లున్నాయి. పదింటికి ప్రొఫెసర్ క్విస్టోర్ప్ ఇంటికి వెళ్లి అర్జీ మీద సంతకం పెట్టించుకోవాలి. పదకొండున్నరకల్లా దాన్ని డీన్ చేతిలో పెట్టాలి. పన్నెండింటి రైలుకు డీన్ దాన్ని బెర్లిన్‌లో మంత్రిగారి దగ్గరికి పట్టుకెళతాడు. తర్కం బోధించే మనిషి వేసిన పథకం కనుక ఒకదాని వెనక ఒకటి జరగక తప్పదని ఆయన నమ్మకం.

అర్జీ చిన్నదే. జుమ్‌వింకెల్ చెప్పే తర్కానికీ, మనసుకు కనబడినదాన్ని కనబడినట్టే వర్ణించే క్విస్టోర్ప్ శాస్త్రం ఫినామినాలజీకీ కలిపి ఒక విభాగం, రెండు గదులు, గదికొక కుంపటి, ఒక అసిస్టెంటు. ఆ ఉద్యోగం ఎడెల్గార్ట్ టీడెమన్‌కు రావాలని అందరి కోరికా. ఆ విశ్వవిద్యాలయంలో రెండు శాస్త్రాలూ అర్థమైన మనిషి ఆమె ఒక్కతే. అర్జీ రాసిందీ ఆమే. ఇది తప్పిపోతే సొంతూరి ఆడపిల్లల బడిలో కుట్లూ అల్లికలూ నేర్పుకోవాలి. అవతల అటవీశాస్త్రం వాళ్లు ఆ విభాగానికి కావలసిన ప్రభుత్వ నిధి మీదే కన్నేసి కూర్చున్నారు.

చిక్కల్లా సంతకం దగ్గరే. ఆ ప్రొఫెసర్లిద్దరూ పన్నెండేళ్లుగా ఉప్పూ నిప్పూ. రెండూ రెండూ నాలుగని తేలడానికి ఎవరికెలా అనిపించిందో అనవసరమంటాడు జుమ్‌వింకెల్. ఆ నాలుగు మనసుకెలా కనబడుతోందో చూడకుండా లెక్క కట్టేవాడు గంతలు కట్టిన బండిగుర్రమంటాడు క్విస్టోర్ప్.

ఆ రోజు వాన. జుమ్‌వింకెల్ తన నల్ల కోటు క్విస్టోర్ప్ ఇంటి నడవలో మూడో కొక్కేనికి తగిలించి లోపలికెళ్లాడు. ఆశ్చర్యంగా, సంతకం అయిదు నిమిషాల్లో అయిపోయింది. కవరు అంటించి, నడవలోకి వెళ్లి కోటు జేబులో భద్రంగా పెట్టి, ఆ సంతోషంలో రెండో కప్పు కాఫీకి కూర్చున్నాడు. ఆ కాస్తలో పనిమనిషి నీళ్లోడుతున్న ఆ కోటును కుంపటి దగ్గర ఆరేసి, ఖాళీ అయిన మూడో కొక్కేనికి అయ్యగారి కోటు తగిలించింది. అదీ నల్లదే. దాని జేబులోనూ పేరు రాయని కవరొకటి ఉంది.

గేటు దగ్గర గొడుగుతో నిలబడ్డ టీడెమన్ ఆయన్ను చూడగానే అంది: "ప్రొఫెసర్ గారూ, ఈ కోటు మీది కాదండీ."

"నాదేనమ్మా. మూడో కొక్కేనికి తగిలించాను, మూడో కొక్కేన్నించి తీసుకున్నాను. ఇందులో తప్పెక్కడుంది?"

"చేతుల దగ్గరుందండీ. మీ వేళ్లు కనబడ్డం లేదు."

"వానకు సాగుంటుంది."

"ఉన్ని వానకు ముడుచుకుంటుంది గానీ సాగదండీ."

"అది అనుభవం చెప్పే మాట. నాది నిగమనం, తర్కంతో తేల్చింది," అని ఆయన చేతుల్లేని మనిషిలా చకచకా నడిచాడు.

డీన్ ఎబ్బింగ్‌హాఫ్ డెబ్బై నాలుగేళ్ల రసాయన శాస్త్రవేత్త. పెట్టె సర్దుకుని, కుంపటి పక్కన కుర్చీలో సిద్ధంగా ఉన్నాడు. కవరు చించి చదవడం మొదలుపెట్టాడు. చదివేకొద్దీ ముఖంలో రంగు తగ్గుతూ వచ్చింది.

"ఇది మీ ఇద్దరి మాటేనా?"

"ఇద్దరి మాటేనండీ. మేం ఏకాభిప్రాయానికి రావడం ఇదే మొదటిసారి," అన్నాడు జుమ్‌వింకెల్ గర్వంగా.

"తొందరపడి రాశారేమో?"

"అబ్బే! పన్నెండేళ్ల ఆలోచనండీ. ప్రతి వాక్యం నిరూపించగలను."

"ప్రతి వాక్యమూనా?" డీన్ కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. "మిగతా ప్రొఫెసర్లేమంటారో!"

"అందరికీ తెలిసిన సంగతేనండీ. పైకి చెప్పే ధైర్యమే లేకపోయింది."

డీన్ కాగితం మడిచి పక్కన పెట్టాడు. తర్వాత పెట్టె తెరిచి, సర్దిన బట్టలు ఒక్కొక్కటే బయట పెట్టసాగాడు. జుమ్‌వింకెల్‌కు ఏమీ అర్థం కాలేదు. కానీ కవరు అందింది. మూడో మెట్టుతో తనకు సంబంధం లేదు. వంగి నమస్కరించి వచ్చేశాడు.

ఇక క్విస్టోర్ప్ సంగతి. ఆయన కుక్క పుర్జెల్ పండు ముసలిది. దాని గురించి పశువైద్యుడికి రాసుకున్న ఉత్తరం జేబులో ఉందనుకుని, కుంపటి దగ్గర ఆరేసిన కోటే తనదనుకుని తొడుక్కుని బయల్దేరాడు. నాలుగడుగులకే చంకల దగ్గర పట్టేసింది. కాలరులో పరాయి పొగాకు వాసన. ఇంకొకడైతే వెనక్కి తిరిగేవాడు. ఆయన వంతెన మీద ఆగి, సొంత కోటు పరాయిదిగా తోచే అనుభవాన్ని పుస్తకంలో ఆరు పేజీలు రాసుకున్నాడు. ఏడో పేజీలో, 'ఇది నిజంగా నాదేనా అన్న ప్రశ్నను ప్రస్తుతానికి పక్కన పెడదాం' అని రాసి, పక్కనే పెట్టాడు.

పశువైద్యుడు కవరు చించి, లోపలిది చదివి తల గోక్కున్నాడు.

"ఒకటనుకున్నాను. రెండున్నాయా మీ దగ్గర? పన్నెండేళ్లుగా కొట్టుకుంటున్నాయా? అయితే మీరనుకున్నదే మంచిది. విడి గదులు, విడి కుంపట్లు, చూసుకోవడానికో మనిషి. ఒకే పళ్లెంలో మాత్రం తిండి పెట్టకండి, కరుచుకుంటాయి."

మధ్యాహ్నం మూడింటికి క్విస్టోర్ప్ వగరుస్తూ వచ్చి జుమ్‌వింకెల్ ఇంటి తలుపు బాదాడు.

"జుమ్‌వింకెల్ గారూ! డీన్‌కు ఏమిచ్చారు మీరు?"

"అర్జీ."

"అర్జీ నా దగ్గరుంది! మీరిచ్చింది మా పుర్జెల్ ఉత్తరం!"

"కుక్క గురించి రాసిందైతే ఆయన అంతసేపు ఎందుకు చదివాడు?"

క్విస్టోర్ప్ నేల చూపులు చూశాడు. "కుక్క అని రాయలేదండీ. అది ముందే వేసుకున్న అభిప్రాయమవుతుంది. కనబడినదాన్ని కనబడినట్టు రాశాను. వయసు మళ్లింది, రోజంతా కుంపటి పక్కనే, పిలిస్తే వినబడదు, పిలవకపోతే అరుస్తాడు, తన కుర్చీలో ఎవర్నీ కూర్చోనివ్వడు. మాకందరికీ ఇష్టమే గానీ, ముగించాల్సి వస్తే నొప్పి లేకుండా ముగించండి... అని."

జుమ్‌వింకెల్ ఒక్కో మాటా డీన్‌కు అన్వయించి చూశాడు; అన్నీ సరిపోయాయి. తర్వాత ఇద్దరూ వానలో పరిగెత్తారు.

డీన్ ఇంట్లో రాజీనామా పత్రం మీద సిరా కూడా ఆరిపోయింది. ముసలాయన ఎదురొచ్చి జుమ్‌వింకెల్ రెండు చేతులూ పట్టుకున్నాడు. కళ్లలో నీళ్లు.

"అయిదేళ్లుగా మా ఆవిడ ఇదే చెబుతోందయ్యా. ఇంటి మాట కదా అని కొట్టిపారేశాను. మీరిద్దరూ ఎంత గౌరవంగా, ఎంత ప్రేమగా రాశారు! పొద్దుటినించి ప్రాణం తేలిగ్గా ఉంది. ఇక మనవలతో చేపలు పడతాను."

నిజం చెబుదామని జుమ్‌వింకెల్ నోరు తెరిచాడు. చెబితే, 'అది మీ గురించి కాదు, కుక్క గురించి' అనాలి. 'మరి నాకెలా సరిపోయింది?' అని ఆయన అడిగితే చెప్పడానికి జవాబు లేదు. నోరు మూసుకున్నాడు.

"ఈ ఊళ్లో నిజం మొహం మీద చెప్పే మగాడివి నువ్వొక్కడివే," అన్నాడు ముసలాయన. "నా తర్వాత డీన్‌గా నీ పేరే రాశాను."

వారం తిరిగేసరికి అధ్యాపకులంతా ఏకగ్రీవంగా ఆమోదించారు. అలా ఆమోదించనివాళ్ల మీద కొత్త డీన్ ఏం రాస్తాడోనన్న భయం కూడా కొంత పనిచేసింది. తీరా కుర్చీలో కూర్చున్నాక జుమ్‌వింకెల్ నిబంధనలు తిరగేశాడు. డీన్‌గా ఉన్నన్నాళ్లూ ఎవరూ సొంత శాస్త్రానికి విభాగం సిఫారసు చేసుకోకూడదట. నిధి అటవీశాస్త్రానికి పోయింది. అర్జీ రాసింది ఆమేనని అందరికీ తెలుసు కనుక, ఒక్క కాగితంతో డీన్‌నే దించిన అమ్మాయని టీడెమన్ పేరు అప్పటికే మారుమోగిపోయింది. ఆ కాగితం తను రాయలేదని ఆమె ఎంత చెప్పినా వినకుండా, అటవీశాస్త్రం వాళ్లు వచ్చి రెట్టింపు జీతానికి ఆమెను తీసుకుపోయారు.

క్విస్టోర్ప్ అసలు అర్జీని మళ్లీ పెట్టుకున్నాడు. కొత్త డీన్ దాన్ని తిరస్కరిస్తూ నాలుగు పేజీలు స్వహస్తంతో రాసి పంపాల్సి వచ్చింది. అందులో తార్కిక దోషం ఒక్కటీ లేదని క్విస్టోర్ప్ పెద్దమనసుతో ఒప్పుకున్నాడు. చదువుతుంటే ఎలా అనిపించిందో మాత్రం, జీవితంలో మొదటిసారి, వర్ణించలేదు.