మీసమున్న ఆడవాళ్ళకే గని ప్రవేశం

ముందుగా క్షమించమని అడుగుతున్నాను. నా అక్షరాలు ఒకటి లావు, ఒకటి సన్నం. కొన్ని తప్పులు కూడా ఉంటాయి, సర్దుకుని చదవండి. నాకు రాయడం వచ్చింది అరవై దాటాక, చర్చి వెనక గదిలో పాఠాలు చెప్పిన సిస్టరమ్మ పుణ్యమా అని. అందుకే నెమ్మదిగా చెబుతాను. తొందరున్నవాళ్ళు ఇక్కడే లేచి వెళ్ళిపోవచ్చు, నేనేమీ అనుకోను.

చదవడం వచ్చాక ఎవరి సాయమూ లేకుండా నేను చదివిన మొట్టమొదటిది దేవుడి వాక్యం కాదు. మా పురపాలక భవనం గోడకు అంటించిన ప్రకటన. అది ఇలా ఉంది:

"ప్రజలకు తెలియజేయడమేమనగా! సాన్ ఒనోఫ్రే వెండి గనిలో ఆడవారి పాదము మోపిన యెడల వెండి ఈర్ష్యపడి రాతిలో దాగికొనునని మన పూర్వీకుల విశ్వాసము. ఈ పవిత్ర ఆచారమును ప్రాణమిచ్చియైనను కాపాడుటకు పురపాలక సంఘము కంకణము కట్టుకొన్నది. అయితే టికెట్టు కొన్న స్త్రీ యాత్రికులకు గని ద్వారమువద్ద ఉచితముగా ఒక మీసము ఇవ్వబడును. మీసము ధరించిన స్త్రీని గని పురుషునిగానే పరిగణించును. ఇట్లు, లిబ్రాదో ఒర్దాజ్, అధ్యక్షుడు."

గని ఎవరిని ఎలా పరిగణిస్తుందో ఆయనకెలా తెలిసిందని అడగకండి. అధ్యక్షుడన్నాక ఆ మాత్రం తెలియాలి!

ఊరంతా ఆ ప్రకటన చూసి నవ్వింది. నేను మాత్రం దాన్ని మళ్ళీ మొదటినుంచి చదివాను. నా భర్త కాస్తులో ఆ గనిలోనే ఉన్నాడు. పైకప్పు కూలిన రోజు మిగతావాళ్ళను బయటికి తెచ్చారు, అతన్ని తేలేకపోయారు. తర్వాత గనినే మూసేశారు. ఏటా మృతుల పండగకు ఊరివాళ్ళు పూలూ కొవ్వొత్తులూ పట్టుకుని శ్మశానానికి వెళ్తారు. నేను గని గేటు దగ్గరికి వెళ్తాను. చువ్వల మధ్య కొవ్వొత్తి నిలబెట్టి, గాలికి ఆరిపోకుండా చేతులు అడ్డుపెట్టుకుని కూర్చుంటాను. లోపలికి పోనివ్వరు. ఆచారం! తాళంచెవి ఒర్దాజ్‌ల ఇంట్లో ఉంటుంది, తండ్రి తర్వాత కొడుకు దగ్గర. నాకు కావలసిందల్లా ఒక్కటే. ఒక్కసారి లోపలికి వెళ్ళి, కాస్తులోకి ప్రాణమైన గోర్దితాలు, అంటే జున్ను కూరిన మొక్కజొన్న రొట్టెలు, వేడివేడిగా అతని దగ్గర పెట్టి రావాలి.

మర్నాడే అధ్యక్షుల వారి ఎదుట నిలబడ్డాను.

"దోన్ లిబ్రాదో, నాకూ ఒక మీసం ఇప్పించండి."

ఆయన కుర్చీలోంచి లేచారు. "దోన్యా ఫెలీసితాస్! మీరేనా ఈ మాట అంటున్నది? గని కార్మికుడి భార్య! మన ఆచారానికే పట్టుకొమ్మ!"

"పట్టుకొమ్మనే అయ్యా. ఒక్కసారి లోపలికి పోయి వచ్చి మళ్ళీ పట్టుకొమ్మగా ఉంటాను."

"యాత్రికుల సంగతి వేరు. వాళ్ళను గని ఎరగదు, మీసం పెడితే నమ్ముతుంది. మిమ్మల్ని ఎరుగును. గడ్డం పెట్టినా పోల్చేస్తుంది."

"వెండి ఎప్పుడో అయిపోయింది కదయ్యా. ఇంకా దాక్కోవడానికి లోపల ఏముంది?"

"సంస్కృతి ఉంది!" అని ఆయన బల్ల గుద్దారు. ఆ గుద్దుకు సిరా బుడ్డి కూడా లేచి నిలబడింది.

పాత గేటు ప్రమాదమని చెప్పి ఆయన తన పెరట్లోంచే గనిలోకి కొత్త సొరంగం తవ్వించారు. పనివాళ్ళను పైఊరి నుంచి తెచ్చారు. చుట్టూ ఎత్తు గోడ లేపారు. ఊరివాళ్ళకు దుమ్ము తప్ప ఏమీ కనపడలేదు.

అయితే ఆయన జాలి లేని మనిషని మీరు అనుకోకూడదు. నాకు ఉద్యోగం కూడా ఇచ్చారు. యాత్రికుల బస్సు వచ్చినప్పుడు నల్ల శాలువా కప్పుకుని నా గుమ్మంలో నేను ఏడవాలి. మొదటిరోజు బాగానే మొదలుపెట్టాను. ఇంతలో ఒక యాత్రికుడు నా ఫొటో కోసం వెనక్కి వెనక్కి నడిచి గాడిద పేడలో కాలేశాడు. నాకు నవ్వాగలేదు. "ఈమెలో విధవ లక్షణాలు లేవు" అని నన్ను తీసేసి, ఆ ఉద్యోగం త్రాంకిలీనాకు ఇచ్చారు. ఆమె నా కూతురికి జ్ఞానస్నానపు తల్లి, నాకు కొమాద్రే. ఆమె మొగుడు నిక్షేపంలా ఉన్నాడు, పొద్దస్తమానం దొమినో ఆడుతుంటాడు. అయినా ఆమె ఏడిస్తే రాళ్ళు కరుగుతాయి. ఏడవడానికి గుమ్మం మాత్రం నాదే వాడుకుంటారు, ఎండ బాగా పడుతుందని.

ఉపాయం చెప్పింది ఆ త్రాంకిలీనాయే.

"కొమాద్రే, నీకు ఏడవడం ఎలాగూ చాతకాదు, ఆలోచించడం కూడా మానేశావా? మీసం యాత్రికులకిస్తారు. నువ్వు యాత్రికురాలివైపో!"

"మన ఊళ్ళో నేను యాత్రికురాలినా?"

"నగరానికి పో. అక్కడ బస్సెక్కు. ఇక్కడ దిగు. నీ ఇంటిముందు నేనే ఏడుస్తుంటానుగా, నిన్ను ఎరగనట్టు ఉంటాను."

అలా ఒక ఉదయం మా ఊరి నుంచి గ్వానహ్వాతో నగరానికి వెళ్ళి, "వలసకాలపు వెండి ఊళ్ళు, ఒక్క రోజులో, భోజనంతో సహా" అని రాసున్న బస్సెక్కి, బయల్దేరిన చోటికే మళ్ళీ ప్రయాణం కట్టాను. తలమీద మా అమ్మాయి గడ్డి టోపీ. కళ్ళకు నల్లద్దాలు. మెడలో పనిచేయని కెమెరా. సంచిలో గుడ్డలో చుట్టిన గోర్దితాలు, ఒక కొవ్వొత్తి, చిన్న మెస్కాల్ సారా సీసా.

గైడు పేరు ఉలీసెస్. బంగారు బొత్తాల కోటు వేసుకుని, మైకు పట్టుకుంటే దింపడు. మొదటి ఊళ్ళో ఒక ప్రభువు, వెండితో చేసిన బలిపీఠం, దెయ్యమై తిరిగే సన్యాసిని అని చెప్పాడు. రెండో ఊళ్ళోనూ ఒక ప్రభువు, ఒక బలిపీఠం, అదే సన్యాసిని! పాపం, బస్సుకంటే ముందు పరుగెత్తి చేరుకుంటోంది కాబోలు.

నా పక్కన మోంతెర్రేయ్ నుంచి వచ్చిన లావుపాటి సెన్యోరా కూర్చుంది. మంచి మనిషి, వేరుశనక్కాయలు పెట్టింది.

"ఎక్కడి నుంచి వస్తున్నారు?" అంది.

"చాలా తిరిగి వస్తున్నానమ్మా." అబద్ధం కాదు కదా!

"ఈ కొండ ఊళ్ళవాళ్ళు ఎంత అమాయకులో!"

"అలాగే అంటారు," అన్నాను శనక్కాయ నములుతూ.

బస్సు సరిగ్గా మా ఇంటిముందు ఆగింది. ఉలీసెస్ గొంతు తగ్గించాడు. "చూడండి, ఆ నీలం గుమ్మం! అక్కడ ఒక అభాగ్యురాలు గనిలో పోయిన భర్త కోసం ఇప్పటికీ ఎదురుచూస్తోంది. ఆనాటి నుంచీ ఆమె నవ్వలేదు. ఎవరితోనూ మాట్లాడలేదు."

అభాగ్యురాలు త్రాంకిలీనా నన్ను చూడగానే ఏడుపు రెట్టింపు చేసింది. మోంతెర్రేయ్ సెన్యోరా కళ్ళు తుడుచుకుంది. నేను దగ్గరికి వెళ్ళి ఆమె ఒళ్ళో ఒక నాణెం వేశాను.

"ఇంతేనా?" అంది త్రాంకిలీనా శాలువా చాటున. "కెమెరా వేసుకుని మరీ వచ్చావు!"

"నా గుమ్మానికి అద్దె ఎవరిస్తారే?"

"పొయ్యిమీద చిక్కుళ్ళు పెట్టి పోయావు, మాడితే నేను దింపాను. ముందు ఆ సంగతి చెప్పు." అని మళ్ళీ ఆకాశం చూసి భోరుమంది.

"అరె, మాట్లాడింది!" అన్నాడు ఎవరో.

"మీ కరుణ ఆమెను కదిలించింది!" అన్నాడు ఉలీసెస్, తడబడకుండా.

సొరంగం ద్వారం దగ్గర బల్ల వేసుకుని అధ్యక్షుల వారి భార్య దోన్యా పెర్పేతువా కూర్చుంది. ఆచారం విషయంలో ఆమె భర్తకంటే గట్టి. ఆడవాళ్ళందరికీ నల్ల మీసాలు పంచి, ఒక్కొక్కరి గడ్డం పట్టుకుని పరీక్షగా చూసింది. "వంకరగా ఉంటే లోపలికి పంపను! గనికి కోపం వస్తుంది!" నా మీసం తనే సరిచేసింది. నల్లద్దాలూ మీసమూ కలిసి నన్ను ఎవరినో చేశాయి కాబోలు, ఆమె పోల్చలేదు.

సొరంగం మెలికలు తిరుగుతూ పోయింది. నలభై ఏళ్ళు గేటు బయట కూర్చున్నదాన్ని, కాస్తులో వైపు నడుస్తున్నాను! గోడలమీద వెండి మెరుస్తోంది. చెయ్యి వేస్తే కాస్త వేలికంటుకుంది. అప్పుడు దాన్ని పట్టించుకోలేదు.

చివరికి ఒక పెద్ద గది. అక్కడ ఒక శిలువ, చుట్టూ దీపాలు. గని కార్మికుడి టోపీ పెట్టుకుని దోన్ లిబ్రాదో నిలబడి ఉన్నారు. చెయ్యి గుండెమీద వేసుకున్నారు.

"ఇక్కడే! ఈ రాతి కిందే మన వీరుడు కాస్తులో నేలకొరిగాడు! టోపీలు తీయండి!"

నేను మోకాళ్ళమీద కూర్చున్నాను. టోపీ తీశాను. సంచి విప్పి గోర్దితాలు శిలువ ముందు పెట్టాను. దేవుణ్ణి తలచుకుందామని పైకి చూశాను.

పైన ఇనుప కొక్కెం వేలాడుతోంది.

అది నాకు తెలుసు. బస్తాలు తూచే కాటా తగిలించే కొక్కెం. కొన పక్కకు తిరిగి ఉంటుంది. మా పెళ్ళినాడు కుండపోత వాన కురిస్తే, ఒర్దాజ్‌ల పెద్దాయన దయతలచి తన మొక్కజొన్న కొట్టు ఖాళీ చేయించి, విందు అందులో జరిపించుకోమన్నాడు. కాస్తులో ఊళ్ళో అందరికన్నా పొడుగు. నన్నెత్తుకుని గిర్రున తిప్పుతూ ఆ కొక్కేనికి నుదురు కొట్టుకుని వెల్లకిలా పడ్డాడు. పడుకునే చెయ్యెత్తి "వాయించండి, ఆపకండి!" అని అరిచాడు. ఊరంతా కడుపుబ్బ నవ్వింది.

నాకు నవ్వొచ్చింది. ఆపుకుందామనుకున్నాను. మీసం ఒక పక్క ఊడింది. ఇక ఆగలేదు. నేలమీద కూలబడి కళ్ళనీళ్ళు కారేటట్టు నవ్వాను.

"సెన్యోరాకు కొండగాలి పడలేదు!" అన్నారు అధ్యక్షుల వారు కంగారుగా. "నీళ్ళు తెండి!"

"కొండగాలి కాదు దోన్ లిబ్రాదో," అని అద్దాలు తీశాను. "కాస్తులో ఇక్కడ పడ్డమాట నిజమే. కానీ అది మా పెళ్ళిలో! ఇది గని ఎలా అయిందయ్యా? ఇది మీ నాన్నగారి మొక్కజొన్న కొట్టు. ఆడవాళ్ళమందరం ఇక్కడ తెల్లార్లూ నాట్యం చేశాం. అప్పుడు మొక్కజొన్న ఈర్ష్యపడలేదు!"

యాత్రికులందరూ చప్పట్లు కొట్టారు! ప్రదర్శనలో ఇదీ ఒక భాగమనుకున్నారు. ఎవరో నా టోపీలో డబ్బులు కూడా వేశారు. దోన్ లిబ్రాదో ముఖం వెలిగింది. వంగి నమస్కారం పెట్టబోయారు.

మోంతెర్రేయ్ సెన్యోరా మాత్రం చప్పట్లు కొట్టలేదు. గోడను వేలితో రాసి, వేలు చూసుకుంది. "ఇది మొక్కజొన్న కొట్టయితే," అంది మీసం సర్దుకుంటూ, "మొక్కజొన్న ఎక్కడుంది?"

సరిగ్గా అప్పుడే సొరంగంలోంచి దోన్యా పెర్పేతువా కేక వినిపించింది. "లిబ్రాదో! గని తాళంచెవి మళ్ళీ నీ జేబులోనే పెట్టుకు పోయావా? పందులకు మొక్కజొన్న తేవాలి! జున్ను కూడా తిరగెయ్యాలి, లేకపోతే బూజు పడుతుంది!"

కోపంలో మేము లోపలున్న సంగతే మరిచింది కాబోలు, ఆమె గదిలోకి వచ్చాక గానీ మమ్మల్నందరినీ చూడలేదు.

"మీరు గనిలోకి వెళ్తారా?" అన్నాను.

"ఆవిడకు మినహాయింపు ఉంది!" అన్నారు అధ్యక్షుల వారు.

"మీసం పెట్టుకునేనా?" అంది సెన్యోరా.

"బస్తా నెత్తిన పెట్టుకుంటే చెమటకు మీసం ఆగుతుందా తల్లీ!" అంది పెర్పేతువా విసుగ్గా. తర్వాత నన్ను పోల్చుకుంది. ముఖం పాలిపోయింది. "కాపురానికి వచ్చిన నాటి నుంచీ వెళ్తున్నాను, దోన్యా ఫెలీసితాస్. మా అత్తగారూ వెళ్ళేది. అక్కడ చల్లగా ఉంటుంది, జున్నుకు మంచిది."

ఒర్దాజ్‌ల జున్ను! నేను ఏళ్ళ తరబడి కొని గోర్దితాల్లో కూరుతున్న జున్ను అదే.

నేను చెయ్యి చాచాను. అధ్యక్షుల వారు జేబు గట్టిగా పట్టుకున్నారు. "ఆచారం..." అన్నారు. పెర్పేతువా ఆయన చెయ్యి తీసేసి, జేబులోంచి తాళంచెవి తీసి నా చేతిలో పెట్టింది. నా ముఖం వైపు మాత్రం చూడలేదు.

పాత గేటు దాకా ఊరేగింపులా నడిచాం. ముందు నేను, వెనక మీసాలున్న ఆడవాళ్ళు, వాళ్ళ వెనక "భోజనం వేళైంది!" అని మొత్తుకుంటూ ఉలీసెస్. మా ఇంటిముందు త్రాంకిలీనా ఏడుపు ఆపి, నల్ల శాలువాతోనే మాతో కలిసింది. దొమినో బల్ల దగ్గర మగవాళ్ళు లేచి నిలబడ్డారు. ఎవరూ అడ్డురాలేదు.

గేటు తెరిచి లోపలికి నడిచాను. మీసం లేకుండానే. మొదట బస్తాలు, తర్వాత బల్లలమీద వరసగా జున్ను ముద్దలు, వాటి అవతల నల్లగా, కదలకుండా నీళ్ళు. అక్కడితో దారి అయిపోయింది. కాస్తులో ఆ నీళ్ళ అవతల ఎక్కడో ఉన్నాడు.

కొవ్వొత్తి వెలిగించాను. అక్కడ గాలి లేదు. చేతులు అడ్డుపెట్టాల్సిన పని లేకపోయింది.

"ఏమయ్యా," అన్నాను. "నేను బయట గేటు పట్టుకుని వేలాడుతుంటే, నువ్వు జున్ను పక్కనే కాపురం పెట్టావా? తలుపు దగ్గర చప్పుడైనా చెయ్యలేకపోయావా?"

మెస్కాల్ అతనికి సగం పోశాను, నేను సగం తాగాను. నాకు ఏడుపు రాలేదు. వెనక త్రాంకిలీనా మాత్రం గోడకు ఆనుకుని వెక్కివెక్కి ఏడ్చింది. జీతం లేకుండా ఆమె ఏడవడం అదే మొదటిసారి.

మరుసటి వారం పురపాలక భవనం గోడమీద కొత్త ప్రకటన వెలిసింది. అదీ నేనే చదివాను, ఈసారి తడుముకోకుండా: "గని సందర్శన సమయమున నవ్వరాదు. పైకప్పు వైపు చూడరాదు. స్థానికులు యాత్రికులుగా నటించరాదు. ఇట్లు, అధ్యక్షుడు." తాళంచెవి గురించి అందులో ఏమీ లేదు. అది నా దగ్గరే ఉంది. జున్ను తిరగెయ్యాలంటే పెర్పేతువా ఇప్పుడు నా తలుపు తడుతుంది.

ఇట్లు,
ఫెలీసితాస్ అరెయానో, కాస్తులో భార్య. వయసు డెబ్బై ఒకటి. ఉండేది సాన్ ఒనోఫ్రేలో, బస్సు ఆగేచోట, నీలం గుమ్మం ఇల్లు. గుమ్మంలో ఎవరైనా ఏడుస్తూ కనిపిస్తే అది నేను కాదు. తలుపు తోసుకుని లోపలికి రండి.