‘ఇక సెలవు’ విడుదల సభ

ఆ ఆదివారం నాగదుర్గ వేసుకున్న ప్లాను చాలా చిన్నది. పొద్దున్నే ఫోన్లు ఆపేసి, భర్త ఆంజనేయప్రసాద్‌తో కలిసి పాటలన్నీ ఒకసారి సాధన చేసుకోవాలి. సాయంత్రం అమలాపురం కల్యాణమండపంలో తమ రెండో ఆల్బం ‘ఇక సెలవు’ విడుదల చేయాలి.

ఉప్పలగుప్తంలో వాళ్ళిద్దరిదీ సింథ్‌పాప్ జంట. ఆవిడ కీబోర్డులాంటి సింథసైజరు వాయిస్తుంది. రొయ్యల మేత కొట్లో పనిచేసే ఆయన పాడతాడు. మొదటి ఆల్బం విడుదలనాడు వాళ్ళ పాటల్ని ఖాళీ కుర్చీలే విన్నాయి. ఈసారీ అంతే అయితే సింథసైజరు అమ్మేసి ఊరుకుందామని ఇద్దరూ ఒప్పుకున్నారు.

సాధన సగంలో ఉండగా వీధిలో వ్యాను ఆగింది. నాగదుర్గ తలుపు తీసింది. కపిలేశ్వరపురం నుంచి పిన్ని సత్యనారాయణమ్మ, బాబాయి ఆదినారాయణ దిగారు. పిన్ని గుండెలు బాదుకుంటూ పరుగెత్తుకొచ్చి, గుమ్మంలో ఉన్న నాగదుర్గని పక్కకి నెట్టేసింది.

"తప్పుకోమ్మా! మా పిల్లని కడసారి చూసుకోనీ!"

రెండడుగులు వేసి ఆగింది. వెనక్కి తిరిగింది. నాగదుర్గని ఎగాదిగా చూసి, కెవ్వుమని అరిచి, అరుగు మీద కూలబడిపోయింది.

"ఏమైంది పిన్నీ?"

"నువ్వు పోయేవు కదే!"

బాబాయి ఫోన్ తీసి ఒక ఫోటో చూపించాడు. అమలాపురం సెంటర్లో కట్టిన వాళ్ళ ఫ్లెక్సీ అది. నలుపు తెలుపుల్లో, నవ్వు లేని రెండు మొహాలు. పైన పెద్ద అక్షరాలతో ‘ఇక సెలవు’. కింద ‘ఆదివారం సాయంత్రం కల్యాణమండపానికి బంధుమిత్రులందరూ రాగలరు’. ఫోటో చుట్టూ బంతిపూల దండ.

"ఏవండీ, ఈ దండ మనం వేయమన్లేదు కదా!" అంది నాగదుర్గ, వెనకే వచ్చిన ప్రసాద్‌తో.

"ఫోన్ చేస్తే ఇద్దరివీ స్విచాఫ్ వస్తున్నాయి. దిండి దగ్గర గోదావరిలో పడవ తిరగబడి పోయేరని ఎవరో చెప్పేరమ్మా," అన్నాడు బాబాయి.

ప్రసాద్, వాట్సాప్‌లో ఫోటో, మాటలు పంపితే ఫ్లెక్సీ వేసిన ఫిలిప్‌కి ఫోన్ కలిపాడు.

"దండెందుకేసేరండీ?"

"ఫోటో బోసిగా ఉందని నేనే ఊరికే వేసేనండి. పాపం, ఇద్దరూ ఒకేసారి పోయేరంటే మనసొప్పలేదండి. ఇంతకీ తమరెవరండీ?"

"ఆ ఫోటోలో ఉన్నవాణ్ణండీ!"

అవతల ఫోన్ కింద పడ్డ చప్పుడైంది. మళ్ళీ ఎంత చేసినా ఎత్తలేదు.

ఇలా కాదని ప్రసాద్ ఫేస్‌బుక్‌లో లైవ్ పెట్టాడు. సిగ్నల్ అంతంతమాత్రం. "మేం బతికే ఉన్నా..." అన్నంతవరకే వెళ్ళి బొమ్మ బిగుసుకుపోయింది. దాని కింద ఊళ్ళో బడిపంతులు బాబూరావు మాస్టారు రాశారు: ‘పాత వీడియో కాబోలు. ఆ గొంతు వింటుంటే కన్నీళ్ళాగడం లేదు.’ ఆ వెనకే దండం పెట్టే బొమ్మలు వరసకట్టాయి. మేత కొట్టు షావుకారు సంతాపంగా కొట్టు కూడా మూసేశాడు.

సాయంత్రం కల్యాణమండపం బయట చెప్పులు గుట్టలుగా పడున్నాయి. లోపల జనం నిలబడి మౌనం పాటిస్తున్నారు. ఇద్దరూ సింథసైజరు మోసుకుని పక్కదారిన వేదిక ఎక్కేసరికి, దండ పట్టుకున్న షావుకారు "బాబోయ్!" అంటూ వేదిక మీంచి దూకేశాడు. ఆడవాళ్ళు గోల పెట్టారు. సగంమంది గుమ్మం దాకా వెళ్ళి, కుతూహలం ఆపుకోలేక అక్కడే నిలబడ్డారు.

నాగదుర్గకి ఒకటే తోచింది. ఇంతమంది మళ్ళీ జన్మలో దొరకరు. సింథసైజరు మీద చేతులేసింది. ప్రసాద్ పాట ఎత్తుకున్నాడు.

గుమ్మంలో ఉన్నవాళ్ళు ఒక్కొక్కరే వచ్చి కూర్చున్నారు. పిన్ని కొంగుతో కళ్ళొత్తుకుంటూ తాళం వేసింది. చివరి పాట అయ్యాక హాలు చప్పట్లతో మోగిపోతుంటే, నాగదుర్గ నమ్మలేక భర్త చెయ్యి పట్టుకుంది. సింథసైజరు ఇక అమ్మక్కర్లేదు.

సంతాప ప్రసంగం రాసుకొచ్చిన బాబూరావు మాస్టారు వేదిక ఎక్కి, కాగితం మడిచి జేబులో పెట్టుకున్నారు.

"పోయినవాళ్ళ గురించి మంచే మాట్లాడాలని వచ్చేనమ్మా. మీరు ఉన్నారు గనక చెప్పొచ్చు... మూడో పాట కాస్త సాగిందండి."